బీరువాకి అద్దం ఉంది

(నల్గొండలో స్త్రీల సమస్యల మీద పనిచేసే కార్యకర్తల శిక్షణ శిబిరంలో, ఒక పోలిష్ లఘుచిత్రం ప్రదర్శించాక చేసిన ప్రసంగ పాఠం)



పొద్దున్నుంచీ చట్టాల గురించి మాట్లాడుకున్నాం. గృహహింస చట్టం కింద రిపోర్టు ఎలా రాయాలి, ఠాణాలో కేసు కట్టకపోతే ఎవరి దగ్గరికి వెళ్ళాలి, ఇవన్నీ చూశాం. భోజనాలయ్యాక ఒక సినిమా వేసి మాట్లాడమని నిర్వాహకులు నన్ను అడిగారు. మీలో చాలామంది వరకట్నం మీదో, బాల్యవివాహాల మీదో తీసిన సినిమా అనుకుని ఉంటారు. తీరా చూస్తే పదిహేను నిమిషాల నలుపు తెలుపు బొమ్మ. ఒక్క మాట లేదు. ఇద్దరు మగవాళ్ళు సముద్రంలోంచి బీరువా మోసుకుంటూ బయటికొచ్చారు. ఊరంతా తిరిగారు. మళ్ళీ సముద్రంలోకి వెళ్ళిపోయారు. దీపాలు వెయ్యగానే వెనక వరసలోంచి ఎవరో ‘గిదేం సినిమా అక్కా, తలా తోకా లేదు’ అన్నారు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను, మొదటిసారి చూసినప్పుడు నేనూ అదే అనుకున్నాను కనక.

ఆలస్యంగా వచ్చినవాళ్ళ కోసం కథ ఒకసారి చెప్తాను. సముద్రంలోంచి ఇద్దరు మనుషులు ఒక పెద్ద చెక్క బీరువా మోసుకొస్తారు. దాని తలుపుకి నిలువుటద్దం ఉంటుంది. ఒడ్డున ఒళ్ళారబెట్టుకుని, కాసేపు సరదాగా గంతులేసి, ఊళ్ళోకి బయల్దేరతారు. ట్రాం బండి ఎక్కబోతే లోపలివాళ్ళు బీరువాతో ఎక్కనివ్వరు. ఒక అమ్మాయితో మాట కలపబోతే ఆమె మొహం తిప్పుకుని వెళ్ళిపోతుంది. తిందామని హోటల్లోకి వెళితే బయటికి పంపిస్తారు. రాత్రికి గది అడిగితే లేదంటారు. చివరికి ఆ బీరువానే పడుకోబెట్టి బల్లగా చేసుకుని, అద్దం మీద చేప పెట్టుకుని తింటారు. అద్దంలో ఆకాశం కనిపిస్తుంటుంది, మబ్బుల మధ్య ఆ చేప తేలుతున్నట్టుంటుంది. ఇంకోచోట ఒక కుర్రమూక పిల్లికూనని రాళ్ళతో కొట్టి చంపుతుంది. తరవాత వాళ్ళ కన్ను ఒక అమ్మాయి మీద పడుతుంది. వెనకనుంచి వస్తున్న వాళ్ళు ఆమెకి బీరువా అద్దంలో కనపడతారు. ఆమె తప్పుకుని పోతుంది. తమ ఆట చెడిందన్న కసితో మూక ఈ ఇద్దరి మీదా పడి కొడుతుంది. పీపాలు పేర్చిన ఒక ఆవరణలో కాస్త నడుం వాల్చబోతే కాపలావాడు కొట్టి తరుముతాడు. అదే ఊళ్ళో ఒక పక్క జేబు దొంగతనం జరుగుతుంటుంది. ఒక పక్క ఒకడు ఇంకొకణ్ణి రాయితో మోది చంపుతుంటాడు. వాటికి ఎవరూ అడ్డం రారు. ఊరికి అడ్డమైంది బీరువా ఒక్కటే. చివరికి ఇద్దరూ సముద్రం ఒడ్డుకి తిరిగొస్తారు. అక్కడ ఒక పిల్లవాడు ఇసకతో చిన్నచిన్న కుప్పలు వరసగా పోస్తుంటాడు. వాటిని తొక్కకుండా, చూసి చూసి అడుగేస్తూ, బీరువాతో సహా నీళ్ళలోకి వెళ్ళిపోతారు.

సినిమా పేరు ‘ఇద్దరు మనుషులు, ఒక బీరువా’. 1958 నాటిది. పోలండ్‌లోని వూచ్ నగరంలో ఉన్న సినిమా బడిలో చదువుకుంటున్నప్పుడు రొమాన్ పొలాన్‌స్కీ తీశాడు. క్షిష్టోఫ్ కొమెదా సంగీతం ఇచ్చాడు. బీరువా మోసిన ఇద్దరూ యాకుబ్ గోల్డ్‌బెర్గ్, హెన్రిక్ క్లూబా. కుర్రమూకలో ఒకడి వేషం దర్శకుడే వేశాడు. ఆ ఏడాదే బ్రస్సెల్స్ ప్రపంచ ప్రదర్శనలో జరిగిన ప్రయోగాత్మక చిత్రాల పోటీలో దీనికి కాంస్య పతకం వచ్చింది. తీసినవాడి గురించి మీకు చెప్పవలసిన సంగతి ఇంకొకటి ఉంది. దాన్ని దాటెయ్యను, చివర్లో వివరంగా చెప్తాను.

ఇలాంటి వాటిని అధివాస్తవిక చిత్రాలంటారు. పేరు చూసి భయపడక్కర్లేదు. కలలో మనం దేవరకొండ బస్సెక్కుతాం, అది పుట్టింటి వాకిట్లో ఆగుతుంది, చచ్చిపోయిన నాయనమ్మ దిగి ‘అన్నం తిన్నవా బిడ్డా’ అంటుంది. కలలో ఉన్నంతసేపు మనకేమీ ఆశ్చర్యం వెయ్యదు. లేచాక నవ్వుకుంటాం, కానీ ఆ కలలో ఏదో నిజం ఉందని మనసుకి తెలుస్తుంది. ఈ సినిమాలు కూడా అలాగే పనిచేస్తాయి. సముద్రంలోంచి బీరువా రావడం అబద్ధం. దాన్ని చూసి ట్రాంలో జనం చేసే గోల మాత్రం నిజం. ఒక్క అబద్ధం పెట్టి చుట్టూ ఉన్న నిజాలన్నిటినీ బయటికి లాగడం ఇందులో పద్ధతి.

ఆ కాలం సంగతి కూడా కొంచెం తెలియాలి. రెండో ప్రపంచయుద్ధంలో పోలండ్ దాదాపు అరవై లక్షలమందిని పోగొట్టుకుంది. వాళ్ళలో సగం మంది యూదులు. పొలాన్‌స్కీ తల్లిని నాజీలు ఆష్విట్జ్‌లో చంపారు. క్రాకోవ్‌లో యూదుల్ని బంధించిన వాడలోంచి తప్పించుకుని, వేరే వాళ్ళ ఇళ్ళల్లో తలదాచుకుని బతికిన పిల్లవాడు అతను. ఎక్కడికెళ్ళినా ‘నువ్వెవరు, నీతో ఏం తెచ్చావు’ అన్న ప్రశ్న అతనికి కొత్త కాదు. యుద్ధం తరవాత వచ్చిన ప్రభుత్వం కార్మికులదని చెప్పుకుంది. కానీ 1956 జూన్‌లో పోజ్నాన్ నగరంలో కార్మికులు జీతాల కోసం వీధిలోకి వస్తే సైన్యాన్ని పంపి పదులమందిని కాల్చి చంపింది. ఆ ఏడాది అక్టోబరులో ప్రభుత్వం మారి, రాతల మీదా బొమ్మల మీదా ఆంక్షలు కొంత సడలాయి. ఆ సందులోంచి వచ్చిన సినిమా ఇది. మాటల్లేని సినిమాలో ఏ మాట కొట్టెయ్యాలో సెన్సారుకి మాత్రం ఏం తెలుస్తుంది?

ఇదంతా ఎక్కడో పోలండ్ సంగతి, మనకెందుకు అని మీరు అడగొచ్చు. నాకు దీని అర్థం చెప్పింది పుస్తకాలు కాదు, పాలమూరు జిల్లాలో ఒక ముసలమ్మ. కొన్నేళ్ళ కిందట కొల్లాపూర్ వైపు ఒక ఊళ్ళో సంఘం మీటింగుకి వెళ్ళాను. శ్రీశైలం నీళ్ళల్లో పాత ఊరు మునిగిపోతే గట్టున మళ్ళీ కట్టుకున్న ఊరు అది. మీటింగు అయ్యాక బడి గోడ మీద తెల్ల దుప్పటి కట్టి ఈ సినిమా వేశాను. వీళ్ళకి అర్థం కాదేమోనని నాకు లోపల అనుమానం. మన చదువు మనకిచ్చిన జబ్బు అది. సినిమా అవగానే ఒకావిడ ‘గా అల్మారల ఏమున్నదక్కా?’ అనడిగింది. ‘ఏమో, తెరిచి చూపించలేదు కదా’ అన్నాను. పక్కనున్న ముసలమ్మ ‘ఏముంటది బిడ్డా, ఇల్లుంటది’ అంది.

నేను ఆమె మొహంలోకి చూశాను. ఆమె చెప్పుకుపోయింది. ‘మా ఊరు మునిగినప్పుడు మేము దర్వాజ ఊడబీక్కొని బండిల ఏసుకొచ్చినం. గోడలు తెచ్చుకోరాదు గద. దర్వాజ ఒక్కటి తెచ్చుకున్నం. ఎక్కడ దించినా, మీరు మునిగిన ఊరోల్లా, ఈడ జాగ లేదు, ఇంకో దిక్కు పోండ్రి అన్నరు. రెండేండ్లు ఆ దర్వాజ చెట్టుకు ఆనిచ్చి పెట్టినం. దర్వాజ ఉన్నది, ఇల్లు లేదు.’

శ్రీశైలం ప్రాజెక్టు కింద కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల ఊళ్ళని 1981 ప్రాంతంలో ఖాళీ చేయించిన తీరు మనలో పెద్దవాళ్ళకి గుర్తుంటుంది. అదే ముంపులో గుళ్ళు కూడా ఉన్నాయి. కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని పురావస్తు శాఖ వాళ్ళు రాయి రాయి విప్పి, తెచ్చి అలంపురంలో మళ్ళీ నిలబెట్టారు. ఇప్పుడు వెళ్ళినా చూడొచ్చు, చక్కగా ఉంటుంది. ఆ పని చెయ్యడం తప్పని నేననను. రాయికి రాయిని కలిపి తిరిగి కట్టే ఓపిక, తెలివి ఈ దేశంలో ఉన్నాయని అది రుజువు చేసింది. ఆ ఓపిక మనుషుల ఇళ్ళ దగ్గరికి వచ్చేసరికి ఎక్కడికి పోయింది అన్నదే ప్రశ్న. ఆ ముసలమ్మ దర్వాజకి నంబరు వేసి, జాగ్రత్త చేసి, దాని చోటు దానికి చూపించినవాళ్ళు లేరు.

అప్పటినుంచి ఈ సినిమా చూసినప్పుడల్లా నాకు మన మనుషులే కనిపిస్తున్నారు. పాలమూరు కూలీల్నే తీసుకోండి. దేశంలో ఎక్కడ డ్యాం కట్టినా, కాలవ తవ్వినా పాలమూరు చేతులు అక్కడున్నాయని మనం గొప్పగా చెప్పుకుంటాం. వాళ్ళు అక్కడికి ఎలా వెళ్ళారో చెప్పుకోం. గుంపు మేస్త్రీ చేతిలో అడ్వాన్సు తీసుకుని, ఆ అప్పు తీరేదాకా కదలడానికి లేకుండా వెళ్ళారు. వెట్టిచాకిరీ నేరమని 1976లో చట్టం వచ్చాక కూడా వెళ్ళారు. నారాయణపేట, కోస్గి వైపు నుంచి బొంబాయి, పూణే బస్సులెక్కేవాళ్ళని చూడండి. గిన్నెల మూట, బియ్యం సంచి, చంకలో పిల్ల. ‘లగేజీ ఎక్కువైంది, దిగు’ అనే మాట విననివాళ్ళు వాళ్ళలో ఉండరు. 2020 మార్చిలో కరోనా లాక్‌డౌన్ పెట్టినప్పుడు బస్సులూ రైళ్ళూ ఆగిపోయి దేశమంతటా కూలీలు మూటలు నెత్తిన పెట్టుకుని వందల కిలోమీటర్లు నడిచారు. తీరా ఊరి పొలిమేరకి వస్తే ముళ్ళకంప అడ్డం వేసి ‘మీరు రోగం తెచ్చారు’ అన్న ఊళ్ళు కూడా ఉన్నాయి. అప్పుడు వాళ్ళని వీధిలో చూసినవాళ్ళెవరికీ అది అధివాస్తవికం అనిపించలేదు.

ఇక మన నల్గొండ. మర్రిగూడ, మునుగోడు వైపు ఊళ్ళల్లో ఫ్లోరైడు నీళ్ళు తాగి ఎముకలు వంగిపోయినవాళ్ళని మీరంతా చూశారు. నీళ్ళలోంచి ఫ్లోరైడు తీసే ఒక పద్ధతిని 1970లలో నాగపూర్‌లోని నీరి సంస్థ తయారుచేసింది. పటిక, సున్నం కలిపి నీళ్ళని తేర్చే పద్ధతి. దానికి ‘నల్గొండ టెక్నిక్’ అని పేరు పెట్టారు. ఆ పేరు ప్రపంచంలో ఎక్కడెక్కడి పుస్తకాల్లోకో వెళ్ళింది. నల్గొండ ఆడపిల్ల మాత్రం తన ఊరి పేరు చెప్పగానే సంబంధం తప్పిపోయిన రోజులు చూసింది. ‘ఆ ఊరి పిల్లనా, ఎముకలు గట్టిగ ఉండవు’ అని. ఆమె బీరువా భుజం మీద లేదు, ఎముకల్లో ఉంది. దించమంటే దిగేది కాదు.

ఇక్కడ ఒక విషయం గమనించండి. సినిమాలో ఆ ఇద్దరు మనుషుల మీద ఎవరికీ కోపం లేదు. బీరువా లేకుండా వస్తే ట్రాంలో చోటిచ్చేవాళ్ళే. హోటల్లో కుర్చీ చూపించేవాళ్ళే. రాత్రికి గది ఇచ్చేవాళ్ళే. సమాజం మనకి పెట్టే షరతు ఎప్పుడూ ఇదే. ‘నువ్వు రావచ్చు, నీ బరువు బయట పెట్టి రా.’ ఇల్లు అద్దెకడిగినప్పుడు ‘మీరేవిట్లు’ అని అడుగుతారు. ఆ పిల్లకి జవాబు తెలుసు, జవాబు చెప్తే ఇల్లు దొరకదనీ తెలుసు. కులం బయట పెట్టి లోపలికి రమ్మంటున్నారు. మొగుణ్ణి వదిలేసి వచ్చిన కూతుర్ని పుట్టింటివాళ్ళు రమ్మంటారు, కానీ పిల్లల్ని అక్కడే వదిలేసి రమ్మంటారు. అత్యాచారం జరిగిన పిల్లని బడికి రావచ్చంటారు, కానీ కేసు వెనక్కి తీసుకుని రమ్మంటారు.

మనం మాత్రం వేరేగా ఉన్నామా? నా సంగతే చెప్తాను. చాలా ఏళ్ళ కిందట దేవరకొండ వైపు తండా నుంచి ఒకామె నా దగ్గరికి వచ్చింది. ఒంటి మీద దెబ్బలు. ఇద్దరు పిల్లలు. పెద్దవాడికి పదకొండేళ్ళు. ఆమెని ఉంచడానికి ఒక హోంకి ఫోను చేశాను. ఆ వయసు మగపిల్లల్ని చేర్చుకోవడానికి రూలు ఒప్పుకోదన్నారు. నేను ఆమెతో ఏమన్నానో తెలుసా? ‘పిల్లగాణ్ణి ఎవరి దగ్గరన్నా ఉంచి రా చెల్లె, నిన్నూ చిన్నదాన్నీ నేను చేర్పిస్తాను’ అన్నాను. ఎంతో సాయం చేస్తున్నట్టే అన్నాను. ఆమె సరేనని తలూపి, పిల్లలిద్దర్నీ తీసుకుని వెళ్ళిపోయింది. మళ్ళీ రాలేదు. రిజిస్టర్లో ‘కేసు సలహా ఇచ్చి పంపబడినది’ అని రాసుకున్నాను. ఈ సినిమా చూసినప్పుడు ఆ హోటల్ గుమాస్తా మొహంలో నాకు నేనే కనపడ్డాను. అతను చెడ్డవాడేం కాదు. రూలు ప్రకారం పనిచేశాడు. ‘మా ప్రాజెక్టు పరిధిలోకి రాదు’ అనే మాట మన ఆఫీసుల్లో రోజుకి ఎన్నిసార్లు వినపడుతుందో మీకు తెలుసు.

ఇప్పుడు అద్దం దగ్గరికి వద్దాం. బరువు మాత్రమే చూపించాలనుకుంటే ఒక బండరాయో మూటో పెడితే సరిపోయేది. అద్దం ఉన్న బీరువానే ఎందుకు పెట్టినట్టు? నాకు తోచింది చెప్తాను. ఊరు ఎవర్ని గెంటేస్తుందో వాళ్ళ దగ్గరే ఊరి మొహం చూపించే అద్దం ఉంటుంది. ఆ మూక వెనకనుంచి వస్తున్నప్పుడు అమ్మాయికి అది తెలిసింది ఆ అద్దం వల్లే. మిగిలిన ఊరంతా పట్టపగలు కళ్ళు తెరుచుకునే ఉంది, ఆమెకి ఎవరూ చెప్పలేదు. ఇంకో సంగతి. ఆ ఇద్దరు వీరుల్లాగా మూకని ఎదిరించి ఆమెను కాపాడలేదు. వాళ్ళకి అసలు సంగతే తెలియదు. ఆమె తనే అద్దంలో చూసుకుంది, తనే తప్పుకుంది. మనం చెయ్యగలిగిన పనికి ఇది సరైన కొలత అనుకుంటాను. మనం ఎవర్నీ ఉద్ధరించం. చూసుకోవడానికి అద్దం పట్టుకుని నిలబడతాం.

అలా నిలబడితే దెబ్బలు ఎవరికి పడతాయో కూడా సినిమా చూపించింది. మూక కోపం తమ తప్పు మీద కాదు, తమను చూపించిన వాళ్ళ మీద. ఇది మీ అందరికీ అనుభవంలో ఉన్నదే. కొట్టినవాడి వల్ల ఇంటి పరువు పోదు, కేసు పెట్టిన కోడలి వల్ల పోతుంది. పిల్ల పెళ్ళి పద్నాలుగేళ్ళకే చేసినవాళ్ళ వల్ల ఊరి పేరు చెడదు, ఫోను చేసి ఆపించిన అంగన్‌వాడీ టీచరు వల్ల చెడుతుంది. పంచాయితీలో పెద్దమనుషులు అడిగే మొదటి ప్రశ్న ‘ఎందుకు కొట్టినవ్’ అని కాదు, ‘బయటికెందుకు చెప్పినవ్’ అని.

సినిమా గొప్పది గనక అంతా ఒప్పుకోవాలని లేదు. కొల్లాపూర్ వైపు ఊళ్ళోనే ఇంకొకావిడ ‘అల్మార మొగోల్లే మోస్తరా అక్కా? మేము మోస్తలేమా?’ అని అడిగింది. న్యాయమైన ప్రశ్న. ఈ బొమ్మలో ఆడవాళ్ళకి ఉన్న పాత్రలు రెండే. మొహం తిప్పుకునే అమ్మాయి, వెంటపడితే తప్పించుకునే అమ్మాయి. ఇద్దరు మగవాళ్ళ బదులు ఇద్దరు ఆడవాళ్ళు సముద్రంలోంచి వస్తే ఆ కథ అదే కథగా ఉండదు. ట్రాం దాకా కూడా వాళ్ళని రానివ్వరు. ‘ఎవరి ఇంటివాళ్ళు, మగదిక్కు ఎవరు’ అని ఒడ్డునే నిలదీస్తారు. తమాషా ఏమిటంటే 1958లో అదే బ్రస్సెల్స్ పోటీలో పెద్ద బహుమతి వచ్చింది కూడా పోలండ్ సినిమాకే. వలేరియన్ బొరోవ్‌చిక్, యాన్ లెనిత్సా అనే ఇద్దరు తీసిన ‘ఇల్లు’. అందులో కనపడేది ఒక స్త్రీ. ఇంట్లో ఒక్కత్తే ఉంటుంది, ఆమె ఊహలే సినిమా. ఒకచోట ఆమె మగబొమ్మ తలని ముద్దాడుతుంటే అది పిండి పిండిగా రాలిపోతుంది. మగవాళ్ళు కష్టపడటానికైనా వాళ్ళకి వీధి ఉంది. ఆడమనిషి కలలు కనడానికి కూడా నాలుగు గోడలే ఉన్నాయి. ఆ రెండు సినిమాల్నీ పక్కపక్కన పెట్టి చూడాలని నేనంటాను.

మన దగ్గర ఈ బరువుని ఆడమనిషి వైపునుంచి చూపించినవాళ్ళు లేకపోలేదు. బి. నర్సింగరావు 1988లో ‘దాసి’ తీశారు. దొర గడీలో పనిమనిషి కథ. అందులో నటించిన అర్చనకి ఉత్తమ నటిగా జాతీయ బహుమతి వచ్చింది. తరవాత పల్లె వదిలి నగరానికి కూలికి వెళ్ళినవాళ్ళ మీద ‘మట్టి మనుషులు’ తీశారు. అవి అధివాస్తవిక చిత్రాలు కావు. కానీ గడీ గోడల మధ్య మాట్లాడే హక్కు లేని ఆడమనిషిని చూస్తే మాటల్లేని ఈ పోలిష్ సినిమా మనకి దూరంగా అనిపించదు. వచ్చే శిబిరంలో ‘దాసి’ వెయ్యమని నిర్వాహకుల్ని అడుగుతున్నాను.

ఇప్పుడు ముందు చెప్తానన్న సంగతి. ఈ సినిమా తీసిన పొలాన్‌స్కీ తరవాత అమెరికా వెళ్ళి పెద్ద దర్శకుడయ్యాడు. 1977 మార్చిలో లాస్ ఏంజిలిస్‌లో పదమూడేళ్ళ పిల్ల మీద లైంగిక అత్యాచారం కేసులో అరెస్టయ్యాడు. ఆ ఆగస్టులో మైనరుతో చట్టవిరుద్ధమైన లైంగిక సంబంధం అనే నేరం కోర్టులో ఒప్పుకున్నాడు. శిక్ష చెప్పబోయే ముందు, 1978 ఫిబ్రవరి 1న, దేశం వదిలి ఫ్రాన్స్ వెళ్ళిపోయాడు. ఆ తరవాత కూడా సినిమాలు తీశాడు. 2003లో ఉత్తమ దర్శకుడిగా ఆస్కార్ వచ్చింది. అదే అకాడమీ 2018లో ఆయన్ని సభ్యత్వం నుంచి తీసేసింది. ఆనాటి ఆ పిల్ల పెద్దయ్యాక, 2013లో, తన కథ తనే పుస్తకంగా రాసుకుంది.

నాకు ఇవన్నీ తెలుసు. కొల్లాపూర్ వైపు ఊళ్ళో చెప్పలేదు. తరవాత ఒక శిబిరంలో కూడా చెప్పలేదు. సినిమా మంచిది కదా, ఈ సంగతి ఎత్తితే చర్చ పక్కదారి పడుతుందని నాకు నేనే నచ్చజెప్పుకున్నాను. ఆ శిబిరంలో పోక్సో కేసుల్లో పిల్లల వెంట కోర్టుకి వెళ్ళే ఒక అమ్మాయి ఉంది. ఆ రాత్రి ఫోనులో వెతికి చూసింది. పొద్దున్నే వచ్చి, ‘అక్కా, ఈ సంగతి మాకెందుకు చెప్పలేదు? మేము రోజు ఏ కేసులు చూస్తమో మీకు తెల్వదా?’ అని అడిగింది. నా దగ్గర జవాబు లేదు. కాసేపాగి ఇంకో మాట కూడా అంది. ‘సినిమల రౌడీ వేషం ఆయననే ఏసిండట గద. అద్దంల కనపడాల్సినోడు ఆయననే.’

పరువైనవాళ్ళు చేసిన నేరం గురించి మాట్లాడకుండా మొహం తిప్పుకోవడం మన శత్రువులు మాత్రమే చేసే పని అనుకుంటాం. ఆ రోజు అది నేను చేశాను. గొప్ప సినిమాకి మచ్చ రాకూడదనుకున్నాను. పంచాయితీ పెద్దమనిషి ఇంటి పరువు గురించి ఆలోచించినట్టే.

అయితే ఈ సినిమా వెయ్యడం మానెయ్యాలా? మా సంఘంలో దీని మీద గట్టిగానే వాదన జరిగింది. ఇలాంటివాడి బొమ్మ మన సభలో వెయ్యకూడదన్నవాళ్ళున్నారు. వాళ్ళ మాట తేలిగ్గా తీసిపారెయ్యదగ్గది కాదు. నేరం ఒప్పుకున్నవాడు దశాబ్దాలపాటు సన్మానాలు అందుకున్నాడంటే, చూసేవాళ్ళు చూస్తూనే ఉన్నారు గనకే. చివరికి నేను ఒక నిర్ణయానికి వచ్చాను. నాది తప్పయితే మీరు చెప్పండి. సినిమా వేస్తాను. వేసినప్పుడల్లా ఈ సంగతి చెప్తాను. వినడం ఇష్టం లేనివాళ్ళు, చూడటం ఇష్టం లేనివాళ్ళు లేచి వెళ్ళొచ్చు, వాళ్ళని ఎవరూ కారణం అడక్కూడదు. తీసిన చేతులు మురికివైనా అద్దం అద్దమే. కానీ అద్దం పేరు చెప్పి ఆ చేతుల్ని కడిగే పని మనం చెయ్యకూడదు.

చివరగా ఆ ఇసక కుప్పల గురించి ఒక్క మాట. రోజంతా గెంటించుకుని, దెబ్బలు తిని, అలిసిపోయిన ఇద్దరు మనుషులు అంత బరువు మోస్తూ కూడా ఒక పిల్లవాడి ఆట చెదరకుండా నడిచారు. అంతకుముందు ఆ ఊళ్ళో చోటున్న వాళ్ళెవరూ ఎదుటివాడి కోసం ఇంత జాగ్రత్త పడలేదు. అణగారినవాళ్ళంతా మంచివాళ్ళని నేననను, అది కూడా అబద్ధమే. కానీ మునిగిన ఊళ్ళోంచి దర్వాజ మోసుకొచ్చిన ఆ ముసలమ్మ ఆ రాత్రి నన్ను తన ఇంట్లో పడుకోబెట్టింది. ఆ పాత దర్వాజలోంచే లోపలికి వెళ్ళాను. ఒక్క గది ఇల్లు. మంచం నాకిచ్చి, ఆమె కింద పడుకుంది. నా సంచీ గురించి గానీ, నాది ఏ కులం అని గానీ ఒక్క మాట అడగలేదు.

హక్కు అంటే బరువు దింపి వచ్చినవాళ్ళకి ఇచ్చేది కాదు. పిల్లలతో, కులంతో, కేసుతో, వంగిన ఎముకలతో, మూటతో ఉన్న మనిషిని ఉన్నట్టుగా లోపలికి రానివ్వడం. తలుపు ఇరుకైతే తలుపు వెడల్పు చేసుకోవాలి. రూలు ఇరుకైతే రూలు మార్చమని కొట్లాడాలి. ఆ పదకొండేళ్ళ పిల్లవాడి విషయంలో నేను ఫోను పెట్టేసి ఊరుకున్నాను. కలెక్టరాఫీసుకి ఒక్క దరఖాస్తు అయినా రాయలేదు. రాయాల్సింది.

మీకొక పని ఇస్తాను. ఈ రాత్రి మీ నోటు పుస్తకంలో ఒక్క మనిషి గురించి రాయండి, పేరు అక్కర్లేదు. ‘మన పరిధిలోకి రాదు’ అని మీరు తిప్పి పంపిన మనిషి. ఆమె ఏం మోసుకుని వచ్చింది, మీరు ఏం బయట పెట్టి రమ్మన్నారు, ఆ రూలు ఎవరిది. రేపు పొద్దున మొదటి సెషన్‌లో చట్టాల పుస్తకం తెరిచే ముందు అవి చదువుకుందాం. నాది నేను రాశాను, ముందు నేనే చదువుతాను.

సెలవు.